ఫోటో తీశాం సరే, వివరం రాశామా?

(హన్మకొండలో డిగ్రీ విద్యార్థులు, గ్రంథాలయ పాఠకులు కూర్చున్న సభలో చేసిన ప్రసంగం. రాలేకపోయినవాళ్ల కోసం రికార్డింగు విని రాసి పెట్టాం.)

అందరికీ నమస్కారం. వెనక నిలబడ్డవాళ్లు ముందుకు వచ్చి కూర్చోండి. ఈ ముందు వరుస పెద్దల కోసమని ఖాళీగా ఉంచినట్టున్నారు. పెద్దలు ఎలాగూ వెనకే కూర్చుంటారు, తలుపు దగ్గర గాలి వస్తుంది కాబట్టి. రండి, కూర్చోండి.

ముందు ఒక చిన్న పని చేద్దాం. మామూలుగా సభల్లో ఫోన్లు లోపల పెట్టమంటారు. నేను బయటికి తీయమంటున్నాను. రామప్ప గుడి ఫోటో ఎంతమంది ఫోన్లో ఉంది? చేతులెత్తండి. చూశారా, హాలు సగానికి పైగా లేచాయి. మంచిది. ఇప్పుడు ఆ ఫోటో తెరవండి. అది గుడికి ఏ వైపు? తూర్పు వాకిలా, ఉత్తరమా, దక్షిణమా? అందులో ఉన్న మదనిక, అదే ఆ నల్లరాతి స్త్రీ శిల్పం, ఏ వాకిలి పక్కన నిలబడ్డది? ఫోటో ఎప్పుడు తీశారు? అసలు మీరే తీశారా, ఎవరో గ్రూపులో పెడితే దింపుకున్నారా? ఇప్పుడు చేతులు ఒక్కొక్కటే దిగుతున్నాయి.

సిగ్గుపడాల్సిన పని లేదు, నా ఫోన్లోనూ అలాంటివి ఉన్నాయి. ఇవాళ నేను చెప్పడానికి వచ్చింది ఈ ఒక్క సంగతే. ఫోటో తీయడం ఇప్పుడు కష్టం కాదు. స్కానింగ్ కష్టం కాదు. మెషిన్లు మస్తుగా వచ్చాయి, ధరలు కూడా దిగాయి. కష్టమల్లా ఆ ఫోటో పక్కన నాలుగు ముక్కలు రాయడం. ఎక్కడిది, ఎప్పటిది, ఎవరిది, ఎవరు చెప్పారు. ఆ నాలుగు ముక్కలు లేకపోతే లక్ష ఫోటోలున్నా మన దగ్గర ఏమీ లేనట్టే.

వాట్సాప్‌లో ఒక ఫోటో పంపితే ఏమవుతుందో తెలుసు కదా. సైజు తగ్గిపోతుంది, అది అందరికీ తెలుసు. ఇంకొకటి కూడా జరుగుతుంది. కెమెరా ఆ ఫోటో లోపల దాచిపెట్టిన తేదీ, సమయం, లొకేషన్ అన్నీ రాలిపోతాయి. అవతలివాడికి బొమ్మ ఒక్కటే చేరుతుంది. ఆ బొమ్మ పది గ్రూపులు తిరిగి వచ్చేసరికి రామప్ప కాస్తా ఇంకేదో గుడి అయిపోతుంది. ఘనపురం కోటగుళ్ల శిల్పాన్ని రామప్ప శిల్పమని పెట్టినవాళ్లను నేను చూశాను, మీరూ చూసే ఉంటారు.

సరే, ఇప్పుడు ఒక ప్రశ్న. రామప్ప గుడి 1213లో కట్టారని మనం ఇంత ధీమాగా ఎలా చెబుతున్నాం? ఎవరైనా ఊహించి చెప్పారా? అక్కడే నల్లరాతి స్తంభం మీద శాసనం ఉంది. శక సంవత్సరం 1135, అంటే ఇప్పటి లెక్కలో 1213, శ్రీముఖ నామ సంవత్సరం, చైత్ర మాసం. కట్టించింది రేచర్ల రుద్రుడు, గణపతిదేవుడి సేనాని. దేవుడు రుద్రేశ్వరుడు. దేవుడికి ఊళ్లు రాసిచ్చిన సంగతి కూడా అందులోనే ఉంది. ఇక్కడికి కూతవేటు దూరంలో ఉన్న వేయిస్తంభాల గుడి తీసుకోండి. కాకతి రుద్రదేవుడు, 1163. రుద్రేశ్వరుడు, వాసుదేవుడు, సూర్యుడు, ముగ్గురికీ మూడు గర్భగుళ్లు. ఆ శాసనం రాసిన కవి అచింతేంద్రుడని కూడా మనకు తెలుసు.

అంటే ఏమిటి? ఎవరు, ఎప్పుడు, ఎక్కడ, ఏం చేశారు, ఎవరికిచ్చారు. కంప్యూటర్ వాళ్లు ఇవాళ మెటాడేటా అని ఏదైతే అంటున్నారో అది మొత్తం ఆ రాతి మీద ఉంది. ఎనిమిది వందల ఏళ్ల కింద ఉలి పట్టుకుని అక్షరం అక్షరం చెక్కే కష్టంలో కూడా ఆ మనిషి తేదీ వదిలిపెట్టలేదు. మనకు బొటనవేలితో టైపు చేయడానికి బద్ధకం. మన ఫైలు పేరు చూడండి, ఐఎంజీ, ఓ గీత, ఏవో అంకెలు. 2021 జులైలో రామప్ప యునెస్కో జాబితాలోకి ఎక్కింది కదా. అందరం సంబరపడ్డాం, పడాలి కూడా. ఇసుక పునాది, నీళ్ల మీద తేలే ఇటుక, అన్నీ పేపర్లలో వచ్చాయి. అయితే ఆ గుర్తింపు కోసం పెట్టిన దరఖాస్తులో అందమైన ఫోటోలతో పని జరగలేదు. కొలతలు, నక్షాలు, శాసన పాఠాలు, చుట్టూ ఉన్న హద్దులు, ఇవన్నీ కాగితం మీద చూపించాల్సి వచ్చింది. వివరం ఉన్నచోట గుర్తింపు వచ్చింది.

శాసనాల దగ్గర ఇంకాసేపు ఉందాం. ఇక్కడ పిల్లలు చేయగలిగిన పని చాలా ఉంది కాబట్టి.

శాసనానికి నకలు తీసే పాత పద్ధతి మీలో ఎవరైనా చూశారా? ముందు రాయిని శుభ్రంగా కడుగుతారు. తడి కాగితం పరుస్తారు. కుచ్చు బ్రష్‌తో దాన్ని కొట్టి కొట్టి, అక్షరాల గుంటల్లోకి కాగితం దిగేలా చేస్తారు. పైన సిరా అద్దుతారు. అక్షరం తెల్లగా, చుట్టూ నల్లగా వస్తుంది. దాన్నే ఎస్టాంపేజ్ అంటారు. మనకు ఇవాళ తెలిసిన కాకతీయుల చరిత్రలో ఎక్కువ భాగం ఆ కాగితాల మీద నుంచి వచ్చిందే. పి.వి. పరబ్రహ్మశాస్త్రి గారి లాంటి పండితులు వాటి ముందు కూర్చుని, చెరిగిపోయిన ఒక్కో అక్షరాన్ని పోల్చుకుంటూ చదివారు కాబట్టే మనం ఇక్కడ తారీకులు చెప్పుకోగలుగుతున్నాం. అదేం తేలిక పని కాదు. మొత్తానికి ఆ పద్ధతిలో రాయిని తాకాలి, తడపాలి, కొట్టాలి. పెచ్చులూడుతున్న రాయి మీద అది చేయలేం.

ఇప్పుడు చేతిలో ఫోన్ ఉంది. మనవాళ్లు ఏం చేస్తారు? ఎదురుగా నిలబడి ఫ్లాష్ వేసి ఠక్కున కొడతారు. అక్షరం మాయమవుతుంది. ఎందుకు? వెలుతురు నేరుగా గుంటలోకి పడింది. నీడ లేదు. నీడ లేకపోతే అరిగిన అక్షరం కంటికి ఆనదు. చీకటి పడ్డాక వెళ్లండి, ఇద్దరు వెళ్లండి. ఒకరు కెమెరాను స్టాండు మీద పెట్టి కదలకుండా ఉంచాలి. రెండోవాళ్లు టార్చిని రాతి పక్కకు తెచ్చి, దాదాపు రాతిని ఒరుసుకునేలా పట్టుకుని, వెలుతురును రాతి మీదుగా జారనివ్వాలి. అప్పుడు చూడండి, పొద్దున గీతలా కనబడ్డది దీర్ఘమని తేలుతుంది, మచ్చ అనుకున్నది సున్నా అవుతుంది. ఎడమ నుంచి ఒకటి, కుడి నుంచి ఒకటి, పై నుంచి, కింది నుంచి, ఇలా దీపం తిప్పుతూ ఫోటోలు తీయండి. రాతి పక్కన మెరిసే నల్ల గోళీ ఒకటి పెడితే ఇంకా మంచిది. ఏ ఫోటోలో వెలుతురు ఎటు నుంచి వచ్చిందో ఆ గోళీ మీది మెరుపును బట్టి సాఫ్ట్‌వేర్ లెక్క కట్టుకుంటుంది. ఉచితంగా దొరికే సాఫ్ట్‌వేరే. తర్వాత ఇంట్లో కూర్చుని, తెర మీద మౌస్‌తో దీపాన్ని ఎటు కావాలంటే అటు తిప్పుకుంటూ ఆ శాసనం చదువుకోవచ్చు. రాతిని ఎవరూ తాకలేదు, తడపలేదు.

ఒక్క దండం పెడతాను. అక్షరాలు కనబడటం లేదని వాటిలో పిండి రుద్దకండి, చాక్‌పీసు రుద్దకండి. అన్నిటికంటే ఘోరం ఆయిల్ పెయింటు. ఊళ్లో భక్తిగల పెద్దమనిషి ఒకాయన తెల్లరంగు డబ్బా పట్టుకుని, తనకు ఏ అక్షరం అనిపిస్తే ఆ అక్షరం దిద్దుతాడు. మంచి మనసుతోనే దిద్దుతాడు, కాదనను. రాతి మీద ఉన్నది పోయి ఆయన అనుకున్నది మిగులుతుంది. తర్వాత వచ్చినవాడు ఆయన అనుకున్నదాన్నే హై రిజల్యూషన్‌లో ఫోటో తీసుకుపోతాడు.

కరీంనగర్ జిల్లా నుంచి వచ్చినవాళ్లు ఎవరైనా ఉన్నారా? అక్కడ, ఆ చివర. ఏ మండలం తల్లీ? చొప్పదండి. అయితే నీకు దగ్గరే. గంగాధర మండలం కురిక్యాల పక్కన బొమ్మలమ్మ గుట్ట చూశావా? చూడలేదా? చూడాలి. పదో శతాబ్దంలో జినవల్లభుడు చెక్కించిన శాసనం ఉంది దాని మీద. కన్నడ కవి పంపడికి తమ్ముడు ఆయన. సంస్కృతం, కన్నడం, తెలుగు మూడు భాషలూ ఉన్నాయి. అందులో తెలుగు కంద పద్యాలు మూడు. నన్నయ గారి కంటే దాదాపు వందేళ్ల ముందు ఒక గుట్ట మీద కందం నడిచింది. 2008లో తెలుగుకు ప్రాచీన హోదా వచ్చినప్పుడు ఈ శాసనం మనకు ఎంత అక్కరకొచ్చిందో భాషావేత్తలను అడగండి. అలాంటి గుట్టకు గ్రానైట్ క్వారీల భయం పట్టుకుంది. కరీంనగర్ గుట్టల సంగతి మీకు నేను చెప్పాలా? రోడ్డు మీద లారీలు చూస్తూనే ఉన్నాం.

ఇక్కడ డిజిటల్ పని దేనికి పనికొస్తుందో ఆలోచించండి. గుట్ట మీద శాసనం ఉంది అని నోటితో చెబితే, ఎక్కడో చెప్పు అంటారు. అక్షాంశ రేఖాంశాలతో, మ్యాపు మీద చుక్క పెట్టి, ఫోటో మీద తేదీతో చూపిస్తే ఆ మాటకు బరువు వస్తుంది. అర్జీ పెట్టుకోవాలన్నా, కోర్టుకు పోవాలన్నా అదే ఆధారం. ఫోన్లో లొకేషన్ ఆన్ చేసి తీసిన ఫోటోకు ఆ బలం ఉంటుంది. అసలు ఫైలు మాత్రం భద్రంగా ఉండాలి. వాట్సాప్ కాపీ పనికిరాదు. మళ్లీ మళ్లీ చెబుతున్నానా? చెబుతాను.

త్రీడీ సంగతి కొంచెం చెప్తాను, ఎందుకంటే అందరూ అడిగేది అదే. ఒక కన్ను మూసుకుని సూదిలో దారం ఎక్కించి చూడండి, దూరం అందదు. రెండు కళ్లూ రెండు చోట్ల నుంచి చూస్తేనే లోతు తెలుస్తుంది. కంప్యూటర్ కూడా అంతే. ఒక శిల్పం చుట్టూ తిరుగుతూ, ఒక ఫోటోలో ఉన్నది తర్వాతి ఫోటోలో సగానికి పైగా మళ్లీ కనబడేలా, వంద, రెండొందలు తీస్తాం. ఒకే ముక్కు చివర ఏ ఫోటోలో ఎక్కడ పడిందో చూసుకుని అది లోతు లెక్క కడుతుంది. దీన్ని ఫోటోగ్రామెట్రీ అంటారు. మబ్బు పట్టిన రోజు దీనికి మంచిరోజు, ఎండ ఉంటే నీడలు కదిలి తికమక పెడతాయి. పక్కన ఒక కొలబద్ద తప్పకుండా పెట్టండి. లేకపోతే మీ నంది ఎంత ఎత్తుందో కంప్యూటర్‌కు తెలియదు, అరచేతిలో నందికీ మండపంలో నందికీ దానికి తేడా లేదు.

ఇదంతా ఎందుకు అంటారా? వేయిస్తంభాల గుడి కళ్యాణమండపం గుర్తుందా? పిల్లలకు గుర్తుండదు, మీరు పుట్టేటప్పటికి అది రాళ్ల కుప్ప. 2006లో విప్పారు. రాయి రాయికీ నంబరు వేసి, పక్కన పేర్చి, కింద పునాది మళ్లీ చేసి, తిరిగి నిలబెట్టారు. 2024 మార్చిలో, శివరాత్రి రోజున తెరిచారు. నడుమ ఎన్నేళ్లు పోయాయో మీరే లెక్క పెట్టుకోండి. ఇవాళ అలాంటి పని మొదలుపెడితే ముందు లేజర్ స్కాన్ చేస్తాం. ఏ రాయి ఏ రాతి మీద ఎంత ఆనిందో మిల్లీమీటర్లలో దగ్గరుంటుంది. ప్యారిస్‌లో నోత్రదామ్ చర్చి 2019 ఏప్రిల్‌లో తగలబడింది కదా, టీవీలో చూసి ఉంటారు. ఆండ్రూ టాలన్ అని ఒక అమెరికా ప్రొఫెసర్ అంతకు తొమ్మిదేళ్ల ముందే ఆ చర్చి మొత్తాన్ని లేజర్‌తో కొలిచి పెట్టాడు. ఆయన మంట చూడకుండానే పోయాడు. ఆయన కొలతలు మాత్రం మళ్లీ కట్టేవాళ్లకు అక్కరకొచ్చాయి. 2024 డిసెంబర్‌లో చర్చి తలుపులు తెరుచుకున్నాయి.

రాళ్ల సంగతి ఇక చాలు. రాయి కనీసం ఉన్నచోట ఉంటుంది. మనిషి నోట్లో ఉన్నదాని మాటేమిటి?

చేర్యాల పటం తెలియనివాళ్లు ఇక్కడ లేరనుకుంటాను. ఇప్పుడు సిద్దిపేట జిల్లా అంటున్నాం గానీ నిన్నమొన్నటి దాకా మన వరంగల్ జిల్లాదే. ఖాదీ గుడ్డకు గంజి, సుద్దమట్టి, ఉడికించిన చింతగింజల జిగురు, తుమ్మబంక పట్టించి, ఆరబెట్టి, ఎర్రటి రంగు మీద బొమ్మలు వేస్తారు నకాషీలు. ఇప్పుడు షోరూముల్లో మాస్కులు, కీచైన్లు కనబడుతున్నాయి, బతుకుదెరువు కావాలి కదా, తప్పు పట్టను. అసలు పటం అలంకారానికి పుట్టింది కాదు. పద్మశాలీలకు కూనపులివాళ్లు మార్కండేయ పురాణం చెబుతారు. ముదిరాజులకు కాకిపడగలవాళ్లు. గౌడులకు గౌడజెట్టివాళ్లు. మాదిగలకు డక్కలివాళ్లు జాంబపురాణం. ఏ కులం కథ ఆ కులం ముందు, వాళ్ల వాడకట్టులో, వాళ్లకు మిరాశి, అంటే వంశపారంపర్య హక్కు, ఉన్న ఊళ్లో, పటం వేలాడదీసి చెబుతారు.

ఇప్పుడు మ్యూజియంలో ఏం చూస్తాం? గాజు వెనక పటం. కింద ఒక చీటీ, చేర్యాల పటం, ఫలానా శతాబ్దం. మంచి కెమెరాతో బొమ్మ బొమ్మకూ ఫోటో తీసి వెబ్‌సైట్లో పెడితే ఆ గాజు కాస్త పెద్దదవుతుంది, అంతే. కథ ఎక్కడుంది?

నా మాట కాదు, మీరే ఒకసారి పటం కథ చూడండి. యముడు పాశం విసిరాడు. పిల్లవాడు మార్కండేయుడు శివలింగాన్ని వాటేసుకున్నాడు. పటం మీద అది ఒక్క గడి. కథకుడు కర్ర తీసుకుని ఆ గడి మీద పెట్టి అక్కడే నిలబడిపోతాడు. తల్లి ఏడుపు పాడతాడు, తండ్రి ఏడుపు పాడతాడు, యముడి గర్జన పాడతాడు, ముందు కూర్చున్న ఆడవాళ్లు కొంగుతో కళ్లు తుడుచుకుంటుంటే ఇంకో చరణం పొడిగిస్తాడు. పక్క గడిలో చిత్రకారుడు నెల రోజులు కష్టపడి వేసిన రథాలు, గుర్రాలు, ఊరేగింపు ఉంటుంది. కథకుడు రెండు మాటలు చెప్పి కర్ర జరిపేస్తాడు. ఏ బొమ్మ దగ్గర ఎంతసేపు ఆగాలి అన్నది పటం మీద లేదు. ఆ మనిషి ఊపిరిలో ఉంది. దాన్ని ఫోటోతో ఎలా పడతారు?

పట్టొచ్చు. పట్టే పద్ధతి ఉంది. ఒక కెమెరా పటం మీద, ఒక కెమెరా కథకుడి మీద. మాట కోసం వేరే రికార్డర్, ఎంపీత్రీలో కాకుండా వేవ్ ఫైల్‌లో, ఎందుకంటే ఎంపీత్రీ సైజు తగ్గించడానికి శబ్దంలో కొంత కోసేస్తుంది, కోసింది మళ్లీ రాదు. తర్వాత అసలు పని. ఒక ఎక్సెల్ షీటు తెరిచి, కర్ర ఏ నిమిషంలో ఏ గడి మీద ఉందో రాసుకోవాలి. పద్నాలుగో నిమిషం, ఆరో గడి, తల్లి శోకం, రాగం ఫలానా, పక్కవాద్యం ఫలానా. కథకుడు ఏ ఊరివాడు, ఎవరి దగ్గర నేర్చుకున్నాడు, ఏ ఇంటివాళ్లు పిలిచారు. ఇది చేయడానికి ఖరీదైన మెషిన్ అక్కర్లేదు. ఓపిక కావాలి. కథకుడి పక్కన కూర్చుని, వీడియో ఆపి, అయ్యా ఇది ఎవరు, ఇక్కడ ఎందుకు ఇలా పాడావు అని అడిగి రాసుకోవాలి. సామాన్యంగా మన ప్రాజెక్టుల్లో డబ్బంతా కెమెరాకు పోతుంది. కూర్చుని రాసేవాడికి ఏమీ మిగలదు.

ఇంకో మాట ఉంది. పటం పాతబడి చినిగిపోతే వెనకటికి ఏం చేసేవాళ్లో తెలుసా? శాస్త్రోక్తంగా నీళ్లలో కలిపేసేవాళ్లు. కొత్త పటం రాయించుకునేవాళ్లు. దాచిపెట్టడం అన్నది మన ఆలోచన, వాళ్లది కాదు. కథ నిలవాలి, గుడ్డ పోయినా ఫరవాలేదు అని వాళ్లకు తెలుసు. మనం గుడ్డను గాజులో పెట్టి కథను వదిలేశాం.

ఆదిలాబాద్ వైపు వెళ్దాం. గుంజాల అని ఊరు, నార్నూర్ మండలం. అక్కడ గోండీ లిపిలో రాతప్రతులు బయటపడ్డాయి. జయధీర్ తిరుమలరావు గారి బృందం వాటిని వెలుగులోకి తెచ్చింది. ఆ లిపి చదవగలిగిన పెద్దలు ఊళ్లో కొద్దిమందే మిగిలి ఉన్నారు అప్పటికి. 2018లో ఆ గుంజాల గోండీ లిపికి యూనికోడ్‌లో చోటు దొరికింది. చోటు దొరికితే ఏమొస్తుంది అంటారేమో. ప్రపంచంలో ఏ అక్షరానికైనా యూనికోడ్ ఒక నంబరు ఇస్తుంది. ఆ నంబరు వచ్చాక ఆ అక్షరం ఏ కంప్యూటర్లో అయినా, ఏ దేశంలో అయినా అదే అక్షరం. వెతికితే దొరుకుతుంది. అప్పటిదాకా అది బొమ్మ, అప్పటి నుంచి అక్షరం.

గోండులను చూసి జాలిపడేముందు మన ఇంటి సంగతి చూసుకుందాం. పాతికేళ్లుగా మన జిల్లాల్లో అచ్చయిన పుస్తకాలు, సావనీర్లు, జాతర కరపత్రాలు, స్థలపురాణాలు, అన్నీ డీటీపీ సెంటర్లలో అను ఫాంట్లలో కూర్చినవే కదా. ఆ ఫైలు ఇవాళ తెరిస్తే ఏమొస్తుంది? ఇంగ్లిషు అక్షరాలు, చుక్కలు, కొక్కేలు. ఫాంటు ఉంటే తెలుగు, లేకపోతే గందరగోళం. యూనికోడ్‌లోకి మారిస్తేనే అందులో కొలనుపాక అని వెతికితే కొలనుపాక దొరికేది. మార్చే కన్వర్టర్లు ఉన్నాయి, కూర్చుని దిద్దుకోవాలి, వత్తులు తారుమారవుతాయి. మీ ఊళ్లో డీటీపీ సెంటర్ నడిపిన పెద్దమనిషి దగ్గర పాత సీడీలు ఉంటాయి. ఆయన వాటిని అమ్మేయకముందే వెళ్లి అడగండి. ఇది నిజంగా చెబుతున్నాను, అందులో మీ ఊరి చరిత్ర ఉండొచ్చు.

ఆదిలాబాద్‌లోనే మార్లవాయి. ఇప్పుడు కుమురం భీం ఆసిఫాబాద్ జిల్లా. గోండుల మీద పరిశోధన చేసిన హైమన్‌డార్ఫ్ దంపతులు 1940ల్లో ఉన్న ఊరు. ఆయన తీసిన ఫోటోలు లండన్‌లో సోయాస్ అనే విశ్వవిద్యాలయంలో ఉన్నాయి, చాలావాటిని ఆన్‌లైన్లో పెట్టారు. మనం ఇక్కడ కూర్చుని చూడొచ్చు. గొప్ప సంగతే. ఊరి పేరు, కాలం ఆయన నోట్సు పుణ్యమా అని దొరుకుతాయి. ఆ ఫోటోల్లో, గోండుల దండారి ఆటలో నెమలి ఈకల టోపీ పెట్టుకుని నిలబడ్డ మనిషి ఎవరు? అది లండన్‌లో ఎవరు చెబుతారు? మార్లవాయిలో ముసలమ్మ చెప్పాలి. ఒక ట్యాబ్‌లో ఆ ఫోటోలు పెట్టుకుని వెళ్లి, అరుగు మీద కూర్చుని చూపిస్తే, ఇతను ఫలానావాళ్ల తాత అని చెప్పగలిగినవాళ్లు ఇంకా ఉన్నారు. ఇంకో పదేళ్లకు ఉండరు. లండన్ దాకా పోయిన బొమ్మ తిరిగి ఊరికి రావడానికి ఇంటర్నెట్ చాలు. ఆ నడుమ నడిచే మనిషి మాత్రం కావాలి. ఎంఏ చరిత్ర చదివే పిల్లలకు ఇంతకంటే మంచి ప్రాజెక్టు నేను చెప్పలేను.

మణుగూరు దగ్గర కూనవరం సకిని రామచంద్రయ్య గారు. సమ్మక్క సారలమ్మల కథ, కోయ వీరుల కథలు డోలి మీద, అంటే కోయల డోలు మీద, కోయలోనూ తెలుగులోనూ పాడగలిగిన మనిషి. 2022లో పద్మశ్రీ ఇచ్చారు. 2024లో పోయారు. ఆయన పాటలు యూట్యూబులో వెతికితే వస్తాయి, విని చూడండి. ఏ పాట ఏ వేలుపుది, ఏ గట్టువాళ్లది (గట్టు అంటే కోయల్లో వంశం), ఎప్పుడు పాడతారు, ఎక్కడ పాడకూడదు, ఇవి వీడియో కింద రాసి ఉన్నాయేమో చూడండి. లైక్ చేయండి, సబ్‌స్క్రైబ్ చేయండి, బెల్ కొట్టండి. ఇవి మాత్రం తప్పకుండా ఉంటాయి.

ఎక్కడ పాడకూడదు అన్నాను కదా, దాని గురించి ఒక మాట. అన్నీ రికార్డు చేయాల్సిందే అన్న ఆత్రం మంచిది కాదు. మేడారంలో విగ్రహాలు ఉండవు. సమ్మక్క చిలకలగుట్ట నుంచి కుంకుమ భరిణె రూపంలో వస్తుంది. గుట్ట మీద పూజారులు చేసే క్రతువు బయటివాళ్ల కంట పడదు. అది వాళ్ల ఆచారం. ఇప్పుడు డ్రోన్లు వచ్చాయి. డ్రోన్ ఎగరగలదు కాబట్టి ఎగరేద్దామా? వద్దు అన్నచోట కెమెరా మూసేయాలి. మీ షీటులో ఒక గడి దానికి కూడా పెట్టుకోండి, ఎవరి అనుమతితో తీశాం, ఎవరికి చూపించొచ్చు, ఎవరికి చూపించకూడదు. పాడినవాళ్ల పేరు, వాళ్లకు ఇచ్చింది ఎంత, కాపీ వాళ్లకు ఇచ్చామా లేదా. మెమరీ కార్డులో వేసి ఇవ్వడానికి ఎంతవుతుంది? చాయ్ బిస్కెట్ల ఖర్చు కూడా కాదు. అది కూడా ఇవ్వకుండా పాట పట్టుకుపోయేవాళ్లున్నారు. అందుకే కొన్ని ఊళ్లలో కెమెరా చూస్తే మొహం తిప్పుకుంటారు. తప్పు వాళ్లది కాదు.

సరే, ఇదంతా చేశాం. దాచడం ఎలా? డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా అని ఒకటి ఉండేది, పరిశోధకులకు గుర్తుంటుంది. 2000ల్లో మొదలైంది, హైదరాబాద్ ట్రిపుల్ ఐటీ లాంటి సంస్థలు కలిసి లక్షల పుస్తకాలు స్కాన్ చేశాయి. తెలుగు పుస్తకాలు వేలకు వేలు. నాలాంటివాళ్లం రాత్రిళ్లు కూర్చుని దింపుకున్నాం. కానీ అందులో పుస్తకం పట్టుకోవడం ఒక యజ్ఞం. తెలుగు పేరును ఇంగ్లిషు అక్షరాల్లో ఎవరికి తోచినట్టు వాళ్లు కొట్టారు. పురాణం అన్న మాటను ఎన్ని రకాలుగా రాయొచ్చో అన్ని రకాలుగా వెతికితే గానీ దొరికేది కాదు. పేరు తప్పు పడ్డ పుస్తకం ఉన్నా లేనట్టే. కొన్నేళ్లకు ఆ సైటే అందకుండా పోయింది. ముందుచూపు ఉన్నవాళ్లు కాపీలు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో పెట్టారు కాబట్టి ఇవాళ చదువుకుంటున్నాం. ఒక్క చోట ఉంటే పోతుంది. హార్డ్ డిస్కుకు నోరు లేదు, చెప్పకుండా చస్తుంది.

చూపించడం గురించి పెద్దగా చెప్పను. వరంగల్ కోటలో సౌండ్ అండ్ లైట్ షో ఉంది, అందరూ చూశారు. వీఆర్ కళ్లద్దాలు వచ్చాయి, పెట్టుకుంటే కాకతీయుల కాలంలో ఉన్నట్టు ఉంటుందంటారు. పిల్లలకు సరదా, ఉండనివ్వండి. నాకు మాత్రం కీర్తితోరణం దగ్గర ఒక క్యూఆర్ కోడ్ చాలు. స్కాన్ చేస్తే ఆ తోరణం మీద హంస ఎక్కడుంది, కలశం ఎక్కడుంది, చుట్టూ పడి ఉన్న ఈ రాళ్లు ఏ గుడివి, తెలుగులో ఎవరైనా చదివి వినిపిస్తే చాలు. ఒకచోట, ఎక్కడో చెప్పను, అలాంటి బోర్డు చూసి సంతోషంగా స్కాన్ చేశాను. పేజీ దొరకలేదు అని ఇంగ్లిషులో వచ్చింది. బోర్డు పెట్టినవాళ్లు ఏటేటా ఆ వెబ్‌సైటుకు డబ్బు కట్టాలని మరిచిపోయినట్టున్నారు.

ఎవరో చీటీ పంపారు. సార్, మేము ఎక్కడ మొదలుపెట్టాలి, ఎంత ఖర్చవుతుంది. మంచి ప్రశ్న.

మీ ఊళ్లో మొదలుపెట్టండి. రామప్పను పట్టించుకునేవాళ్లు చాలామంది ఉన్నారు. మీ ఊరి హనుమాన్ గుడి పక్కన చెట్టు కింద వీరగల్లు, అంటే వీరుడి గుర్తుగా నిలిపిన రాయి, పడి ఉంటుంది చూడండి, దాని మీద పిల్లలు కూర్చుని ఉంటారు, దాన్ని ఎవరూ పట్టించుకోరు. కొలబద్ద పెట్టి నాలుగు వైపులా ఫోటో తీయండి. ఫైలు పేరు మార్చండి, ఊరు, చోటు, తేదీ, మీ పేరు. ఊరి పెద్దను అడిగి దాని గురించి ఏమంటారో ఆయన మాటల్లోనే రాయండి, దిద్దకండి. ఆయన చెప్పింది చరిత్రకు సరిపోకపోయినా రాయండి, అది కూడా వివరమే. రెండు హార్డ్ డిస్కులు కొనండి, నలుగురు కలిసి వేసుకుంటే పెద్ద భారం కాదు. ఒకటి మీ ఇంట్లో, ఒకటి ఇంకొకరింట్లో, ఒకే బీరువాలో రెండూ పెట్టకండి. మూడో కాపీ వికీపీడియావాళ్ల ఫోటోల భాండారం వికీమీడియా కామన్స్‌లోకి ఎక్కించండి, డబ్బు అక్కర్లేదు. తెలుగు వికీపీడియాలో మీ ఊరి పేజీ ఉంటుంది, తెరిచి చూడండి. జనాభా, పిన్‌కోడ్, బస్సు సౌకర్యం ఉంటాయి. ఆ వీరగల్లు ఉండదు. దాన్ని చేర్చే పని మీదే.

టార్చి పద్ధతి నేర్చుకోవాలనుకునేవాళ్లు బయట టేబుల్ దగ్గర పేరు, ఊరు రాసి వెళ్లండి. ఒక శనివారం సాయంత్రం అందరం కలిసి దగ్గర్లోని గుట్టకు పోదాం. ఫోన్ ఫుల్ ఛార్జింగ్ పెట్టుకుని రండి. స్టాండు ఉన్నవాళ్లు తెండి. చెప్పులతో రాకండి, బూట్లు వేసుకోండి, దారంతా పల్లేరుకాయలు.